తెర వెనక మల్లక్క

మగ్గం గుంతలో కాళ్ళు పెట్టుకునే, ఆలూరు దాటకుండా చైనా సైన్యాన్ని తరిమికొట్టిన మొనగాడు బసవన్న. టీ బంకు దగ్గర ఎవరు దొరికినా మనవరాలు నాగశ్రీ ఇదే చెబుతుంది. తుపాకీ ఏదని అడిగితే, "మా తాత నోరే తుపాకీ" అంటుంది. పక్కన బెంచీ మీద, ఎనభై దాటిన బసవన్న గ్లాసులోకి చూస్తూ కూర్చుంటాడు.

ఆ యుద్ధం నాటికి ఆయన మీసాలు సరిగ్గా రాని నేతగాడు. రక్షణ నిధికి విరాళాల కోసం సర్కారు జీపు ఊళ్ళోకి సినిమా పట్టుకొచ్చింది. బసవన్న ఇంట్లో నేసిన పంచెలు కలిపి కుట్టి తెర కట్టారు. మగవాళ్ళు తెర ముందు, ఆడవాళ్ళు తెర వెనక కూర్చున్నారు. బొమ్మ కదిలింది గానీ మాట రాలేదు. స్పీకరు చెడిపోయింది. మంచి గొంతున్నవాడని బసవన్నను లేపి తెర ముందు నిలబెట్టారు. మంచులో నడిచే జవాన్ల పెదవులకు ఆయన ఆలూరు మాటలు తగిలించాడు.

"అమ్మా, ఈడ శానా చలి! మీ బిడ్డల్ను మర్సిపోవద్దండమ్మా!"

అంతలో వెనక నుంచి మల్లక్క కేక వేసింది. ఆమె ఒక్కగానొక్క కొడుకు ఉరుకుందు పట్టాళంలో ఉన్నాడు. యుద్ధం మొదలైనప్పటి నుంచి వాడి కబురే లేదు.

"బసన్నా! వాడు నా ఉరుకుందే! ఎడం చెంప మీద మచ్చ సూడప్పా!"

తెర వెనక నుంచి చూస్తే కుడి ఎడమవుతుంది. ముందున్న బసవన్నకు ఆ మచ్చ కుడి చెంప మీద కనబడుతోంది; వాడు ఉరుకుందు కాడు. ఒక్కసారి ఇటు వచ్చి చూడమంటే సరిపోయేది. కానీ తెర పక్క నుంచి తొంగి చూస్తే, అప్పటికే మల్లక్క నిధికిద్దామని చెవుల కమ్మలు ఊడదీస్తోంది. ఆమెను చూసి తక్కిన ఆడవాళ్ళ చేతులూ చెవుల మీదికి పోతున్నాయి. జీపులో వచ్చిన ఆఫీసరు బసవన్న భుజం తట్టాడు.

"అవును మల్లక్కా, మనోడే!" అన్నాడు బసవన్న.

తర్వాత కొన్నాళ్ళకు తంతి వచ్చింది. ఉరుకుందు యుద్ధం మొదట్లోనే చనిపోయాడట. మల్లక్క నమ్మలేదు. "సినిమాలో నడుస్తాండె కదా, బసన్న గూడా సూసినాడు" అని దినాలు చేయనివ్వలేదు. కొడుకు కంచం కడిగి పెట్టుకునేది. అప్పుడప్పుడూ వచ్చి మగ్గం పక్కన కూర్చునేది.

"వాడు చిక్కిపోయినాడా నాయనా?"

"లేదక్కా, బాగుండాడు."

నిజం చెప్పాలని బసవన్న ఒకసారి ఆమె గడప దాకా వెళ్ళాడు. లోపల కంచం చప్పుడు విని వెనక్కి వచ్చేశాడు. ఎదురుచూస్తూనే ఆమె పోయింది.

టీ బంకు దగ్గర, ఇదంతా ఆయన నోటనే విన్న నాగశ్రీ ఆయనను మోచేత్తో పొడిచింది.

"ఊరుకో తాతా. నీ అబద్ధమే కదా ఆ ముసలామెను అన్నేండ్లు బతికించింది!"

"బతికించినానా? ఏడ్వనీలేదే ఆమెను. ఇంగ నోరు మూసుకోని టీ తాగు."