పొలి చల్లని పొలిమేర

సారపాక పక్క ఊళ్లో ముత్యాలమ్మ పండుగ వస్తే, పొలిమేర చుట్టూ నెత్తురు కలిపిన అన్నం, అదే పొలి, చల్లేది నూకయ్యే. పొలి పడని హద్దు హద్దే కాదని ఆయన పట్టు.

అలాంటి మనిషి చెవిన 2009 ఎన్నికల ముందు ఒక మాట పడింది. ఇన్నాళ్లూ భద్రాచలం పార్లమెంటు సీటులో ఉన్న ఊరు ఇప్పుడు మహబూబాబాద్‌లో కలిసిందట.

"నాకు చెప్పకుండ పొలిమేర ఎవడు జరిపిండు?" అంటూ అంగన్‌వాడీ టీచరు సరోజన దగ్గరికి పోయాడు.

"ఊరు జరగలే పెద్దయ్యా. ఒక్కో ఎంపీ కింద జనం ఇంచుమించు సమానంగ ఉండాలె. అందుకే గీతలు మల్ల గీసిండ్రు," అందామె.

"మరి ఆ గీత యాడుంది? రాయి పాతిండ్రా?"

"నేల మీద కనపడదు."

కనపడని గీత ఎలా ఉంటుందో నూకయ్యకు అంతుపట్టలేదు. ఓట్ల రోజుదాకా డొంకలన్నీ వెతికాడు. ఆ రోజు బూత్‌లో ఆఫీసరు ఆయన ఎడమచేతి చూపుడువేలు పట్టుకుని సిరాతో నల్లగా గీశాడు. వేలు తిప్పి తిప్పి చూసుకుంటూ బయటికొచ్చిన నూకయ్య, వరుసలో ఉన్న సరోజనను చూసి కేకేశాడు.

"గీత దొరికింది బిడ్డా! నేల మీద కాదు, మనిషి మీదనే గీస్తున్నరు!"