సెత్తీమియో దాచిన మూల

రోమ్ సినిమావాళ్ళలో కెమెరామన్ సెత్తీమియో కరోచ్చి పేరు పైకి అనేవాళ్ళు తక్కువ. అనక తప్పకపోతే "ఆ ట్రామ్ డ్రైవరు కొడుకు" అనేవారు. అంటూనే జేబులో తాళంచెవి తడుముకునేవారు. ఇనుము ముట్టుకుంటే అతని దిష్టి తగలదని వాళ్ళ నమ్మకం. స్టూడియో క్యాంటీన్‌లో అతను పళ్ళెం పెట్టుకుని కూర్చుంటే పక్క కుర్చీలు ఖాళీ అయిపోయేవి.

అతనికి ఈ దిష్టి పేరు అంటించినవాడు దర్శకుడు ఫుల్వియో లాంద్రియాని.

1961లో ఇద్దరూ కలిసి ఒక సినిమా తీశారు. అందులో ఒక విధవరాలు వంటగదిలో కూర్చుని చనిపోయిన మొగుడి చొక్కాలు మడతపెడుతుంది. ఆ వేషానికి ఎర్సీలియా అనే ముసలామెను తీసుకొచ్చారు. ఆమె నటి కాదు, ఇళ్ళల్లో బట్టలుతుకుతుంది. ఆ మధ్యాహ్నం ఫుల్వియో పాస్తా, వైనూ దండిగా పట్టించి, గోడవార కుర్చీలో కూలబడి నిద్రపోయాడు. గురక కూడా పెట్టాడు. దానివల్ల నష్టమేమీ లేదు. మాటలన్నీ తర్వాత కలిపేవే కాబట్టి షూటింగులో పక్కన బాజాలు మోగినా ఎవరికీ పట్టదు.

కెమెరా తిరుగుతోంది. ఎర్సీలియా చొక్కా మడతపెడుతూ పెడుతూ, ఎవరూ చెప్పకుండానే లేచి కిటికీ దగ్గరికి నడిచింది. నిజంగానే ఏడుస్తోంది. సెత్తీమియో కెమెరాను ఆమె వెంట తిప్పాడు. ఫ్రేము అంచులో నిద్రపోతున్న ఫుల్వియో పడ్డాడు, నోరు తెరుచుకుని, పొట్టమీద రుమాలుతో. ఆపితే ఆ ఏడుపు మళ్ళీ రాదు. సెత్తీమియో ఆపలేదు.

తర్వాత లాబ్‌లో ప్రింటు తీసేటప్పుడు ఆ మూలను, దానితోపాటు సగం గదిని నల్లగా ముంచేశాడు. కిటికీ వెలుతురులో ముసలామె ముఖం ఒక్కటే మిగిలింది. అతను జీవితంలో తీసిన వాటిలో అంత గొప్ప షాట్ ఇంకొకటి లేదు.

సినిమాకు బహుమతి వచ్చింది. ఆ చీకటి ఎవరి ఆలోచన అని విలేకరులు అడిగితే, "ఇంకెవరిది? నాదే" అన్నాడు ఫుల్వియో. ఒక సాయంత్రం హోటల్లో పదిమంది ముందు సెత్తీమియో నవ్వుతూ, "ఆ చీకటి దొరగారి నిద్రకు కప్పిన దుప్పటి" అన్నాడు. మాట ఫుల్వియో చెవిన పడింది. నెల తిరక్కుండా వేరే సెట్టులో దీపం ఊడిపడి ఒక హీరో భుజం విరిగింది. ఆ రోజు సెత్తీమియో ఆ చుట్టుపక్కలే లేడు. అయినా "పొద్దున్నే అతను ఎదురొచ్చాడట" అని ఫుల్వియో ఊరంతా చెప్పాడు. ఆ ఒక్క మాట చాలింది.

ఆ తర్వాత సెత్తీమియోకి సినిమాలు రాలేదు. నేల తుడిచే సబ్బులకు, డబ్బా టమాటాలకు ప్రకటనలు తీశాడు. "పోనీలే, టమాటాలు నిన్ను చూసి జేబులు తడుముకోవుగా" అనేది భార్య మర్చెల్లా. ఆమె చనిపోయిన రోజున కూడా ఫుల్వియో కొత్త సినిమా పోస్టర్లు వీధి నిండా ఉన్నాయి.

ముప్పై ఏళ్ళు దాటాక ఆ పాత సినిమాను శుభ్రం చేసి కొత్త ప్రింట్లు తీయాలనుకున్నారు. పాత సినిమాలు దాచిపెట్టే సంస్థవాళ్ళు సినిమావాళ్ళు కారు, వాళ్ళకు దిష్టి సంగతి తెలియదు. రంగూ వెలుతురూ సరిచూడమని సెత్తీమియోనే పిలిచారు. లాబ్‌లో ఆ పని చేసే ఆవిడ పేరు నీవెస్. నోటిదురుసు మనిషి. వంటగది షాట్ దగ్గరికి వచ్చారు.

"నలుపు తేల్చు. ఇంకా తేల్చు," అన్నాడు సెత్తీమియో.

"ఇంకా తేలిస్తే గదంతా బూడిద కొట్టినట్టుంటుంది మాస్టారూ. ఓరి దేవుడో! మూల ఎవరీ మనిషి?"

"దర్శకుడు."

"ఏం చేస్తున్నాడు?"

"దర్శకత్వం."

నీవెస్ కడుపు పట్టుకుని నవ్వింది. నవ్వు ఆగాక అతని ముఖం చూసి గొంతు తగ్గించింది. "వద్దండీ. కుర్రాళ్ళు ఎక్కడెక్కడినుంచో ఈ షాట్ చూడ్డానికి వస్తారు. ఇలా వదిలేస్తే ఆ ముసలమ్మ ముఖం ఎవరు చూస్తారు?"

"ఎవరూ చూడరు."

"వాడికోసం మీ చేతిపని మీరే పాడుచేసుకుంటారా? పోనీ ఈ ఒక్క ప్రింటు ఇలా తీద్దాం. మిగతావి పాతలాగే ఉంచుదాం."

"ఒక్కటైతే లాబ్ పొరపాటు అంటాడు. అన్నీ ఇలాగే తియ్యి."

"మీరు మామూలు మొండి కాదు!"

"తియ్యమన్నానా లేదా?"

తీసింది.

ప్రదర్శన రోజు హాలు నిండిపోయింది. ఫుల్వియో తెల్లని పట్టు మఫ్లరుతో ముందుకొచ్చి మైకు అందుకున్నాడు. "ఇందులో ప్రతి నీడా నా చేత్తో పెట్టిందే. ఆ వంటగది తీసినప్పుడు నేను రెప్ప వాల్చలేదు," అన్నాడు. చప్పట్లు కొట్టారు. వెనక వరసలో సెత్తీమియో కూడా కొట్టాడు.

వంటగది వచ్చింది. ఎర్సీలియా లేచింది, కెమెరా కదిలింది. ముందు ఎవరో ఆడమనిషి కిసుక్కుమంది. తర్వాత వరసకు వరస గొల్లున నవ్వింది. "ఫుల్వియో, లేవరా! పాస్తా చల్లారిపోతోంది!" అని పైనుంచి ఎవడో అరిచాడు. ముందు వరసలో పట్టు మఫ్లరు కిందికి జారింది.

ఎర్సీలియా కిటికీ చేరి ఏడుస్తోంది. ఆమెను చూస్తున్నవాడు హాలులో సెత్తీమియో ఒక్కడే. తన నలుపు పోయి ఆ గది అద్దెకిచ్చే వాటాలా బోసిగా ఉంది. చివరిదాకా చూసి, లేచి బయటికి నడిచాడు.

గుమ్మం దగ్గర ఫుల్వియో ఎదురుపడ్డాడు. సెత్తీమియో ఒక అడుగు ముందుకు వేయగానే ఫుల్వియో కుడిచెయ్యి తనంతట తానే జేబులోకి పోయింది. తాళంచెవులు గలగలలాడాయి.

"పట్టుకో ఫుల్వియో, గట్టిగా పట్టుకో," అన్నాడు సెత్తీమియో. "ఈసారి నిజంగా నేనే."