పదహారో తారీఖు బుక్ అయింది

మా మేడ మీద కిరాయికి ఉండే శ్రీకాంత్ దృష్టిలో రోజులు రెండే రకాలు. బుక్ అయినవి, ఖాళీగా ఉన్నవి. మెదక్‌లో అతనికి టెంట్ హౌస్ ఉంది. షామియానాలు, కుర్చీలు, వంటపాత్రలు కిరాయికి ఇస్తాడు. దుకాణం గోడకు తలుపంత క్యాలెండర్ వేలాడుతుంది. ఒక గడిలో పార్టీ పేరు రాశాడంటే ఇక ఆ తారీఖు కలెక్టరు అడిగినా దొరకదు.

"పెండ్లి డేట్ ముందుకెనకకు జరుగుతదా తాతా? జరగదు. డేట్ అంటే డేటే," అంటాడు.

అతని భార్య రిషిత గర్భవతి అయ్యాక డాక్టరమ్మ స్కానింగ్ చూసి, చీటీ మీద 'మే 16' అని డేట్ రాసిచ్చింది. శ్రీకాంత్ దవాఖాన నుంచి నేరుగా దుకాణానికి వెళ్లి మే పదహారు గడిలో ఎర్ర స్కెచ్ పెన్నుతో 'రిషిత' అని రాశాడు. తర్వాత ఎవరో పెద్దమనిషి ఆ తారీఖుకు వెయ్యి కుర్చీలు కావాలని వస్తే, "ఆ రోజు మా ఇంట్లనే ఫంక్షన్ ఉంది సార్," అని పంపేశాడు.

డాక్టరమ్మ ఇంకో మాట కూడా చెప్పింది. రెండు వారాలు ముందు కావచ్చు, వెనక కావచ్చు అని. ఆ మాట రిషిత చెవిన పడింది. శ్రీకాంత్ చెవిన పడలేదు. పడకపోవడంలో నా పాపం కొంత ఉంది.

ఒక సాయంత్రం అతను మా అరుగు మీద కూర్చుని, "తాతా, మీ నిస్సి డేట్‌కే పుట్టిందా?" అని అడిగాడు. నిస్సి మా కూతురు. ఇప్పుడు సంగారెడ్డిలో టీచరు. నేనేమో చిన్నప్పుడు కాన్వెంటులో చదివాను. అబద్ధమాడితే అక్కడి సిస్టర్లు సబ్బుతో నోరు కడిగించేవారు. మిగతా పిల్లలు అబద్ధాలు మానేశారు. నాకు సబ్బు రుచి అలవాటైంది.

"డేట్ ఏంది బిడ్డా, టైముకు పుట్టింది," అన్నాను. "పొద్దున పది గంటలకని సిస్టరమ్మ ముందే పలక మీద రాసిచ్చింది. చర్చిల మొదటి గంట కొట్టిండ్రు, లోపల మా నిస్సి కెవ్వుమన్నది. ఏది గంటనో ఏది బిడ్డనో తెల్వక, గంట కొట్టేటాయన రెండో దెబ్బ కొట్టుడు మర్చిపోయిండు."

లోపల బియ్యం చెరుగుతున్న మా యేసమ్మ చేటను ఠపీమని కొట్టింది. యాభై ఏళ్లుగా నా కథలకు ఆవిడ పెట్టే ఫుల్‌స్టాపు అదే. శ్రీకాంత్ మాత్రం గుండెల మీది బరువు దిగినట్టు మెట్లెక్కి వెళ్లిపోయాడు.

మొదటి కాన్పు తల్లిగారింట్లో జరగాలి. కానీ రేగోడ్‌లో ఉండే రిషిత తల్లికి మోకాలి ఆపరేషను అయి మంచం దిగడం లేదు. "నీ బిడ్డను నాకు ఇడిచిపెట్టు, నువ్వు నిమ్మలంగుండు," అని యేసమ్మ ఆవిడకు ఫోన్లో మాట ఇచ్చింది. దాంతో మా ఇల్లే తల్లిగారిల్లు అయింది.

ఇక శ్రీకాంత్ ఏర్పాట్లు చూడాలి. టెంట్ హౌస్ వాళ్లు ప్రతి పాత్ర మీదా ఎర్ర రంగుతో తమ గుర్తు రాసుకుంటారు, పెళ్లివారి సామానులో కలిసిపోకుండా. శ్రీకాంత్ గుర్తు 'శ్రీ.టెం.' దవాఖానకు తీసుకెళ్లే నీలం బ్యాగు మీద శ్రీ.టెం. ఫ్లాస్కు మీద శ్రీ.టెం. బిడ్డకు స్నానం చేయించే టబ్బు మీద కూడా. యేసమ్మ తన పాత నూలు చీర చింపి, అంచులు కుట్టి పొత్తిగుడ్డలు చేస్తే, వాటి మీదికీ బ్రష్ పట్టుకుని వచ్చాడు. యేసమ్మ బ్రష్ లాక్కుంది.

"రేపు పుట్టేదాని మీద గూడ రాస్తవారా?"

"దవాఖానల పదిమంది పిల్లలుంటరు గదవ్వా. రాస్తే మారకుంటది."

ఆ తర్వాత రిహార్సల్ పెట్టాడు. పక్క గల్లీలో ఉండే అస్గర్ ఆటోను పదహారో తారీఖుకు ముందే మాట్లాడాడు. ఇంటి నుంచి దవాఖానకు ఎన్ని నిమిషాలో చూడాలన్నాడు. రిషితను ఎక్కమంటే, "నేను అసలుకే వస్త, రిహార్సల్‌కు రాను," అని తలుపేసుకుంది. చివరికి పొట్ట మీద దిండు పెట్టి, పైన దుప్పటి కప్పి నన్ను పడుకోబెట్టారు.

"తాతా, జర మూలుగుండ్రి," అన్నాడు అస్గర్ అద్దంలోంచి చూస్తూ. "గమ్మున పండుకుంటే ఎవ్వరు దారియ్యరు."

మూలిగాను. నా మూలుగుకు రాందాస్ చౌరస్తాలో పండ్ల బండ్లు వాటంతటవే పక్కకు దొర్లాయి. ఒక గేదె కూడా దారిచ్చి తల వంచింది. పదకొండు నిమిషాల్లో దవాఖాన చేరాం. నర్సు ఒకామె చక్రాల కుర్చీతో పరుగెత్తుకొచ్చి దుప్పటి తీసి నా తెల్ల మీసాలు చూసింది.

"ఎన్నో నెల?" అంది నవ్వాపుకుంటూ.

"నెలలు కాదు సిస్టర్, డెబ్బై నాలుగో ఏడు నడుస్తుంది," అన్నాను.

ఇంటికొచ్చి ఇదంతా చెప్పుకుని నవ్వుతుంటే రిషిత మెట్ల మీద కూర్చుని విన్నది. నవ్వలేదు.

"అన్నీ మంచిగ పెట్టినవ్," అంది శ్రీకాంత్‌తో. "నాకు గవేవీ అక్కర్లే. నన్ను లోపలికి తీస్కపోయేటప్పుడు ఒక్కసారి ఎనకకు మర్రి చూస్త. నువ్వు కనవడాలె. గంతే. నేను పుట్టినప్పుడు మా నాయిన లేడంట. మా అమ్మ ఇప్పటికీ అదే చెప్తది."

"పదహారున నేను ఏడికి పోత?"

"పదహారున కాకపోతే? తొమ్మిదిన రామాయంపేట పెండ్లి ఒప్పుకున్నవ్ గదా."

"తొమ్మిదికీ పదహారుకీ వారం ఉంది. తాత చెప్పిండు గదా, గంట కొట్టంగనే పుట్టిందని."

రిషిత నా వైపు చూసింది. నేను మల్లెచెట్టు వైపు చూశాను. అప్పుడే నిజం చెప్పి ఉండాల్సింది. నోరు తెరిచాను కూడా. కానీ అంత మంచి గంటను నా చేత్తో నేనే దించలేకపోయాను.

తొమ్మిదో తారీఖు పొద్దున్నే, దుకాణంలో పట్టక మా మెట్ల కింద పెట్టిన గంగాళాలతో సహా, రామాయంపేట పెళ్లికి సామాను బండికెక్కించారు. ఎల్లం అని, ముప్పై ఏళ్లుగా షామియానా గుంజలు పాతే మనిషి, శ్రీకాంత్ తండ్రి కాలం నుంచీ ఉన్నాడు. చదువు రాదు. ఎర్ర గుర్తు మాత్రం ఎంత దూరం నుంచైనా పట్టేస్తాడు. ఆ గుర్తున్నది ఏది కనబడినా బండిలో వేయడమే అతని పని. ఎల్లాన్ని ఎక్కించుకుని శ్రీకాంత్ బండి తోలుకుంటూ వెళ్లిపోయాడు.

పది దాటాక రిషిత గోడ పట్టుకుని మెట్లు దిగింది.

"అవ్వా, ఉమ్మనీరు పోయింది."

యేసమ్మ ఆమెను కూర్చోబెట్టింది. నేను శ్రీకాంత్‌కు ఫోన్ చేశాను. మేడ మీద మోగింది. చార్జింగుకు పెట్టి మరిచిపోయాడు. ఎల్లానికి ఫోనే లేదు. నేను అస్గర్ కోసం గల్లీలోకి పరుగెత్తి వచ్చేసరికి యేసమ్మ మెట్ల కింద వెతుకుతోంది.

"నీలం బ్యాగు ఏదయ్యా? రోజూ ఈడనే ఉంటది గదా. రిపోర్టుల ఫైలు దాంట్లనే ఉంది."

బ్యాగు లేదు. రిషిత ఏడవలేదు. "ఆయనకు ఎట్లన్న చెప్పుండ్రి తాతా," అని మాత్రం అంది. ఎట్లా చెప్పడం? అతన్ని ఇంత ధైర్యంగా రామాయంపేట పంపింది నా గంటే.

ఆటోలో నేను అస్గర్ పక్కన ఇరుక్కుని కూర్చున్నాను. ఈసారి మూలగమని ఎవరూ చెప్పనక్కర్లేదు. చౌరస్తా దాటాక ఇక ఉండబట్టలేక వెనక్కి తిరిగాను.

"బిడ్డా, చర్చి గంట అబద్ధం. నిస్సి పద్దెనిమిది రోజులు ముందే పుట్టింది. నేను గప్పుడు టేక్మాల్‌ల దోస్తు పెండ్లిల బంతిల కూసున్న. తెల్లారి వచ్చిన."

రిషిత పళ్లు బిగించి నొప్పి పోయేదాకా ఆగింది. "తెల్సు తాతా. అవ్వ ఎప్పుడో చెప్పింది. రెండోసారి లడ్డు గూడ ఏయించుకున్నరంట."

యేసమ్మ రోడ్డు వైపు చూస్తూ కూర్చుంది. ఇన్నేళ్లలో ఆ లడ్డూ గురించి నన్ను ఒక్క మాట అనలేదు. ఆవిడకు ఎవరు చెప్పారో ఇప్పటికీ నాకు తెలియదు.

అదే సమయానికి రామాయంపేటలో జరిగింది ఎల్లం తర్వాత చెప్పాడు. నేనేమీ కలపలేదు, కలిపితే అతనే కలిపి ఉంటాడు. బండి మీద నుంచి గరిటెలు, బకెట్లు, గంగాళాలు అందిస్తూ అందిస్తూ ఎల్లం నీలం బ్యాగు అందించాడట. శ్రీకాంత్ అలాగే నిలబడిపోయాడు.

"ఇదెందుకు తెచ్చినవ్ ఎల్లన్నా?"

"మన గుర్తు ఉంది గదా!"

పెళ్లికూతురి నాయనమ్మ బాలమణి అక్కడే మంచం మీద ఉంది. బ్యాగు జిప్పు తీసి, ఒక పొత్తిగుడ్డ పైకి లాగి చూసింది.

"ఎన్నో నెల కొడుకా?"

"తొమ్మిది నిండుతున్నయవ్వా. డేట్ పదహారు. ఇంకా వారం ఉంది."

"డేట్ నీకు చెప్పిండ్రు. లోపలున్నదానికి ఎవరు చెప్పిండ్రు?"

శ్రీకాంత్ పొత్తిగుడ్డను మడిచి బ్యాగులో పెట్టి జిప్పు వేశాడు. ఆమె మనవణ్ని పిలిచి అతని మోటారుసైకిలు తాళాలు ఇప్పించింది. గుంజలు నాలుగు పాతారు, ఇరవై మిగిలాయి. పెళ్లికూతురి తండ్రి, "అయ్యో, టెంటు!" అని వెనక నుంచి అరుస్తూనే ఉన్నాడు. శ్రీకాంత్ బ్యాగును ట్యాంకు మీద పెట్టుకుని బయలుదేరాడు. నొప్పులు మొదలైన సంగతి అతనికి తెలియదు. బ్యాగు ఇచ్చి, ఒకసారి చూసి వెళ్దామనుకున్నాడు. ఇంటికి తాళం కనబడింది.

దవాఖానలో గంటసేపు పరీక్షలన్నీ చేశాక, అప్పుడే రిషితను స్ట్రెచర్ మీద లోపలికి తోస్తున్నారు. తలుపు దగ్గర ఆమె తల తిప్పింది. యేసమ్మ కనబడింది. నేను కనబడ్డాను. టోపీ తీసి చేతిలో పట్టుకున్న అస్గర్ కనబడ్డాడు. ఆమె కళ్లు మా ముగ్గురినీ దాటి వెతికాయి. మేం ముగ్గురం ఎంత పక్కకు జరిగినా మా వెనక ఖాళీ వరండానే ఉంది.

"ఒక్క నిమిషం సిస్టర్," అంది రిషిత.

"నిమిషాలు లేవమ్మా," అంది నర్సు. తలుపు సగం మూసుకుంది.

అప్పుడు వరండా చివర చెప్పుల చప్పుడు. తల నిండా దుమ్ము, చంకలో నీలం బ్యాగు, ఒక కాలికే చెప్పు. శ్రీకాంత్ జారుతూ వచ్చి మా ముందు ఆగాడు. ఏదో అనబోయాడు, ఊపిరి అందలేదు. బ్యాగును తల మీదికి ఎత్తి చూపించాడు. ఎర్ర అక్షరాలు ఆమెకు బాగా కనబడి ఉంటాయి.

"వచ్చినవా," అంది రిషిత. తలుపు మూసుకుంది.

మధ్యాహ్నం రెండు దాటాక ఆడపిల్ల పుట్టింది. యేసమ్మ కుట్టిన చీర ముక్కలో చుట్టి తెచ్చి శ్రీకాంత్ చేతిలో పెట్టారు. నర్సు కాగితం నింపుతూ, "పుట్టిన తారీఖు?" అని అడిగింది.

"మే పదహారు," అన్నాడు.

"ఇయ్యాల తొమ్మిదయ్యా!"

"తాతా, గంట ఏమన్న ఇనవడ్డదా?" అన్నాడు అస్గర్ నా చెవిలో. నేను వినబడనట్టు కూర్చున్నాను.

రామాయంపేట పెళ్లి ఎల్లం వేసిన షామియానా కిందే జరిగింది. ఒక పక్కకు ఒరిగిందట. వరుడు కూడా కాస్త ఒరిగి నడిచే మనిషే కాబట్టి ఎవరూ పట్టించుకోలేదని ఎల్లం అంటాడు.

వారం తర్వాత, పదహారో తారీఖు పొద్దున, కుర్చీలు కావాలని ఒకాయన దుకాణానికి వెళ్లి తాళం చూసి మా ఇంటికొచ్చాడు. శ్రీకాంత్ మేడ మీద నుంచే, "ఇయ్యాల డేట్ లేదన్నా, బుక్ అయింది," అన్నాడు. ఏం ఫంక్షనో చూద్దామని నేను మెట్లెక్కాను. రిషిత నిద్రపోతోంది. శ్రీకాంత్ గోడకు ఆనుకుని కాళ్లు చాపుకుని, కాళ్ల మీద బిడ్డను పడుకోబెట్టుకుని కూర్చున్నాడు. గడియారంలో పది అయింది. పిల్ల ఆవలించింది.

"పనేం లేదారా?" అన్నాను.

"మెల్లగ మాట్లాడు తాతా," అన్నాడు. "పొద్దుగూకేదాంక నేను ఈమెకు బుక్ అయిన."