కావలివాడి మాటలు

ధారూర్ బాల్‌రాజ్‌ను రాజు వేషానికి ఎవరూ పిలవలేదు. 1948 నుంచి పదమూడేళ్లు వికారాబాద్, తాండూరు నాటకాల్లో మంత్రి, భటుడు, ముసలి తండ్రి, ఇలా మిగిలిపోయిన వేషాలన్నీ అతని నెత్తినే పడేవి. పడనీండి, ఏం పోయింది? అతను నోరు విప్పితే చిట్టచివర కూర్చున్నవాడికి కూడా ప్రతి మాటా వినిపించేది. తల్లి బుగ్గమ్మకు చూపు పోయి చాలా కాలమైంది. కొడుకు ఆడే ప్రతి నాటకానికీ వచ్చి, హార్మోనియం పక్కన చాప మీద కూర్చుని వినేది.

1961లో మద్రాసువాళ్లు ఓ సినిమాలో కావలివాడి వేషం ఇచ్చారు. రెండే రెండు సీన్లు. షూటింగ్ అయ్యాక, "మాటలు మళ్లీ రికార్డు చెయ్యాలి, కబురు పెడతాం" అన్నారు. కబురు రాలేదు. మొదటిసారే బాగా కుదిరింది కాబోలని మురిసిపోయాడు, పిచ్చి మారాజు!

సినిమా తాండూరుకు రాగానే తల్లిని రైలెక్కించి తీసుకొచ్చాడు. తెర మీద బాల్‌రాజ్ కర్ర పట్టుకుని కనబడ్డాడో లేదో, హాలంతా ఈలలు. కావలివాడు నోరు తెరిచాడు. కుర్చీలో ఉన్న బాల్‌రాజ్ ముందుకు వంగి చూశాడు. పెదాలు తనవే, మీసం తనదే, గొంతు మాత్రం ఇంకెవరిదో. కోస్తా యాసలో సాగదీస్తోంది. నీ యాస పనికిరాదని ముఖం మీదే చెప్పేస్తే పోయేది కదా!

"ఈలలేస్తున్నరు గద. నువ్వింక రాలేదేంది కొడుకా?" అని బుగ్గమ్మ అడిగింది.

"వచ్చిన అమ్మా. గిప్పుడు మాట్లాడింది నేనే."

"నాతోని పరాచికాలా? గా గొంతు ఎవరిదో నాకెరుకలేదు." మళ్లీ ఆమే మెల్లగా అంది: "నిన్ను తీసేసిండ్రా? జర నిజం జెప్పు."

ఇంతలో రెండో సీను రానే వచ్చింది. తన కొడుకును వదిలెయ్యమని కావలివాడు దొరను బతిమాలుతున్నాడు. మళ్లీ ఆ పరాయి గొంతే. బాల్‌రాజ్ ఉన్నచోటనే లేచి నిలబడి, ఆ మాటలన్నీ తన గొంతుతో అందుకున్నాడు. "కూసో" అని వెనక నుంచి అరిచారు. అతను ఆపలేదు. తెర మీద పెదాలు ఆగిపోయినా అతని మాటలు ఇంకా సాగుతూనే ఉన్నాయి. జనం సినిమా వదిలేసి అతన్నే నోరెళ్లబెట్టి చూశారు.

బుగ్గమ్మ ఒళ్లంతా చెవులు చేసుకుని విన్నది.

"గిప్పుడొచ్చినవ్ కొడుకా! రేపు మా చెల్లె మొగులమ్మను తోల్కొస్త. రేపు గూడ గిట్లనే ఇనొస్తది గద?"

బాల్‌రాజ్ కూర్చుని ఆమె చెయ్యి పట్టుకున్నాడు.

"లేదమ్మా," అన్నాడు. "నేను పక్కన లేకుంటే ఇనరాదు."