టీవీలో రాని ఫైనల్

డెబ్బైల చివర్లో నాకు పెళ్లయి హన్మకొండకు వచ్చాను. మా పుట్టిల్లు తొర్రూరు దగ్గర ఒక పల్లె. అక్కడ పత్తి, వరి, వాన, ఇవి తప్ప వేరే ముచ్చట ఉండేది కాదు. అత్తగారిది వ్యాపారం చేసుకునే ఇల్లు. చౌరస్తాకు దగ్గర్లో మామయ్యకు రేడియోల దుకాణం ఉండేది. ముందు దుకాణం, వెనక మేముండే ఇల్లు, రెంటికీ నడుమ ఒక పూల పరదా. ఆ పరదా వెనక కూర్చుని అత్తమ్మా నేనూ బియ్యం ఏరుకుంటూ బజారు సంగతులన్నీ వినేవాళ్లం. ఎవరి గొంతు ఎవరిదో నాకు తెలుసు. మనుషులు ఎదురొస్తే మాత్రం గుర్తుపట్టేదాన్ని కాదు.

ఎనభైల నడుమ మా ఊరికి టీవీ వచ్చింది. మామయ్య రేడియోలను ఒక అరలోకి సర్ది, చెక్క తలుపులున్న టీవీలు నాలుగు తెచ్చి వరుసగా పెట్టారు. మా ఆయన పొద్దంతా ఎవరో ఒకరి మిద్దె మీద యాంటెనా తిప్పుతూ "వచ్చిందా? ఇప్పుడు వచ్చిందా?" అని అరవడమే పనిగా పెట్టుకున్నాడు. సాయంత్రమైతే దుకాణం ముందు జనం నిలబడి, అర్థమైనా కాకపోయినా హిందీ వార్తలు చివరిదాకా చూసి పోయేవాళ్లు.

మా మరిది అప్పుడు డిగ్రీ చదువుతున్నాడు. చదువుతున్నాడనేది మామయ్య నమ్మకం. వాడి మనసంతా ఫుట్‌బాల్ మీద ఉండేది. మా ఊరి జట్టుకు వాడు గోల్‌కీపరు. రోజూ మోకాళ్లు చెక్కుకుపోయి ఇంటికొస్తే అత్తమ్మ పసుపు అద్దేది. కొడుకు ఆడగా ఆమె ఒక్కసారి కూడా చూడలేదు. మా బజారు ఆడవాళ్లు గుడికి పోతారు, పెళ్లిళ్లకు పోతారు, దవాఖానకు పోతారు. గ్రౌండుకు పోవడమనేది ఎవరికీ తట్టని మాట.

ఆ ఏడాది కాలేజీ గ్రౌండులో పెద్ద టోర్నమెంటు జరిగింది. మా జట్టు ఫైనల్‌కు వచ్చింది. అవతలి జట్టు బొగ్గు గనుల వైపుది. ఫైనల్‌కు రెండు రోజుల ముందు హైదరాబాదు నుంచి ఒక జీపు వచ్చిందట. అందులోంచి ఇద్దరు దిగి, భుజం మీద కెమెరా పెట్టుకుని, మా పిల్లలు ప్రాక్టీసు చేస్తుంటే కాసేపు ఫిల్మ్ తీసుకుని పోయారట. అంతే, ఫైనల్ టీవీలో వస్తుందని చీకటిపడేసరికి బజారంతా తేల్చేసింది.

అప్పటికి మామయ్యా మా ఆయనా సరుకు కోసం హైదరాబాదులో ఉన్నారు. దుకాణంలో కూర్చున్నది మా మరిది. అడిగిన ప్రతివాడికీ వాడు ఒకటే జవాబు చెప్పాడు. "వస్తది, వస్తది. మంచిగ కనవడ్త." వాడు అబద్ధమాడాడని నేననను. అట్లా జరగాలని వాడికి అంత కోరికగా ఉండింది.

అత్తమ్మ సంతోషానికి హద్దు లేదు. వీధిలో ఇరవై ఇళ్లకు తనే పోయి చెప్పి వచ్చింది. మధ్యాహ్నం భోజనాలు పెందలాడే ముగించుకుని రమ్మంది. చాపలు దులిపించింది. బొరుగులు, పుట్నాలు కలిపి డబ్బాలకెత్తించింది.

ఫైనల్‌కు ముందురోజు సాయంత్రం మామయ్య దిగారు. కాళ్లు కడుక్కుని కూర్చోగానే అత్తమ్మ సంగతంతా చెప్పింది. ఆయన నెమ్మదిగా తలగుడ్డ తీసి పక్కన పెట్టారు.

"గది రాదే," అన్నారు.

"ఎందుకు రాదు? కెమెరా వచ్చిపాయె గద."

"కెమెరా వస్తే అయిపాయెనా? మనింటి నల్లా ఉన్నదా లేదా? టాంకిల నుంచి నీళ్లు మనకస్తయి. మన బిందెల నీళ్లు నల్లాల పోస్తే టాంకికి ఎక్కుతయా? టీవీ గూడ గంతే. ఢిల్లీల వాళ్లు పోస్తాంటే మనం ఈడ పట్టుకుంటానం. ఈడి నుంచి ఆడికి పంపే మిషిను మన ఊర్ల లేదు."

అత్తమ్మ ఊరుకోలేదు. "ఢిల్లీల ఎవరో ఎవరి మెడలనో దండేస్తే దినాం చూపిస్తరు. ఈడ మన గల్లీ పోరగాడు ఆడ్తే చూపియ్యరు. గిదేం లెక్క?"

మరిది ఎప్పుడు జారుకున్నాడో ఎవరమూ చూడలేదు. అత్తమ్మ వంటింట్లోకి పోయి గిన్నెలు గట్టిగా సర్దడం మొదలుపెట్టింది. ఆమెకు కోపం కంటే చిన్నతనంగా ఉండింది. ఇరవై ఇళ్లకు పిలుపులు చెప్పింది కదా.

అప్పుడే దుకాణంలో ఒక గొంతు వినిపించింది. టోర్నమెంటు నడిపే డ్రిల్లు సారుది. బడిలో పిల్లలకు ఆటలు నేర్పే ఆయనే ఊళ్లో ఆటల బాధ్యతంతా మోసేవారు. ముగ్గు పోసి గీతలు గీసేదీ ఆయనే, టికెట్లు అచ్చు వేయించేదీ ఆయనే.

"అన్నా, నీతోని ఒక పనివడ్డది," అన్నారు సారు.

"కూసో సారూ. చెప్పు."

"రేపటి ఆట టీవీల వస్తదట గద. నీ దుకాణం ముంగట నాలుగు టీవీలు పెడ్తవని బజారంత అంటాండ్లు. గట్లయితే టికెట్ కొని గ్రౌండుకు ఎవడస్తడే? అవతలి జట్టోళ్లకు తిండి పెట్టాలె, పండుకోను జాగ జూపాలె, మళ్ల బస్సెక్కియ్యాలె. గదంత గేటుకాడ టికెట్ పైసల మీదనే ఎల్లాలె. పెద్ద పట్నాలల్ల గూడ ఆట ఏ ఊర్ల జరిగితే ఆ ఊరోళ్లకు టీవీల రాకుండ ఆపుతరట. ఎందుకంటే, ఇంట్ల పంకా కింద కనవడ్తాంటే ఎండల కూసునేటందుకు ఎవడు రాడు. నేను ఢిల్లీకి చెప్పలేను. నీకైతే చెప్పగల్గుత. జర రేపొక్కపూట టీవీలు బంద్ వెట్టు."

పరదా సందులోంచి నాకు మామయ్య ముఖం కనిపిస్తూనే ఉంది. ఆయన అబద్ధం ఆడే మనిషి కారు. చెడిపోయిన రేడియోను బాగైందని చెప్పి అమ్మిన రోజు లేదు.

"అసలు సంగతేందంటే సారూ..." అని మొదలుపెట్టారు.

నా పక్కనుంచి పరదా కదిలింది. అత్తమ్మ చెంగు భుజం మీదికి లాక్కుని దుకాణంలోకి నడిచింది. గిరాకీ వేళ ఆమె దుకాణంలో అడుగుపెట్టడం నేను అప్పుడే చూశాను.

"బంద్ పెడ్తం సారూ," అంది.

సారు లేచి నిలబడ్డారు. "వదినె, నీ మేలు మర్చిపోను."

"ఒక్క టీవీ గూడ పెట్టం. ఈ బజార్ల ఎవరింట్ల టీవీ ఉన్నా పెట్టకుంట నేను చెప్త. గని మా ఆడోళ్లు ఏం జెయ్యాలె? రేపు ఆట చూస్తమని అందరు ఆశవెట్టుకున్నరు. మాకు గ్రౌండుల జాగ ఇయ్యాలె."

సారు తల గోక్కున్నారు. ఆడవాళ్లకు జాగ అనేది ఆయన ఏ టోర్నమెంటులోనూ అనుకోని సంగతి. "ఎంతమంది అస్తరు వదినె?"

"ఓ ఇరవై మందిమి. నీడ ఉండాలె. కింద పరుసుకోను ఏమన్న ఉండాలె. తాగే నీళ్లు దగ్గరుండాలె. మొగోళ్లు మా ముంగట అడ్డం నిలవడొద్దు."

"ఫికర్ జెయ్యకు. పొద్దుగాల్నే షామియానా ఏపిస్త," అని సారు సంబరంగా వెళ్లిపోయారు.

సైకిల్ గంట దూరమయ్యాక మామయ్య అన్నారు. "గంత అవద్ధం చెప్పవడ్తివి."

"నేనేం చెప్పిన? టీవీ పెట్టం అన్న. రేపు మనం పెడ్తమా?"

"పెట్టి ఏం లాభం?"

"మరి అవద్ధం ఏడున్నది?"

మామయ్య చాయ్ పెట్టమని నాకు కేకేసి ఊరుకున్నారు.

మర్నాడు ఇరవై మందిమి అన్నది యాభై దాటింది. బట్టల దుకాణం వాళ్ల కోడళ్లు, గాజులు అమ్మే అవ్వ, కిరాణం వాళ్ల ఇంటిల్లిపాదీ వచ్చారు. హసన్‌పర్తి నుంచి కూరగాయలు తెచ్చి అమ్మే ఆడవాళ్లు నలుగురు, సంగతేమిటని అడిగి, మిగిలిన వంకాయలు మా ఇంట్లో దించి మా వెంట నడిచారు. రిక్షాలు చాలలేదు. ఎండలో నవ్వుకుంటూ నడిచి పోయాం. గ్రౌండు చుట్టూ తడకలు కట్టి ఉన్నాయి. మడికొండ వైపు నుంచి కూడా జనం సైకిళ్ల మీద వచ్చారు. మేం లోపలికి వెళ్తుంటే మగవాళ్లంతా ఆట మొదలుకాకముందే ఆట చూసినట్టు మమ్మల్ని చూశారు. గాజుల అవ్వ వాళ్లకేసి చెయ్యి తిప్పి "మా మొకాల మీద బంతి ఆడ్తాందా బిడ్డా?" అనేసరికి అందరూ అటు తిరిగారు.

ఆట మొదలైంది. నాకు మరిది చెప్పిన కబుర్ల వల్ల కాస్తో కూస్తో తెలుసు. అత్తమ్మకు నేనే చెప్పాల్సి వచ్చింది.

"అందరు ఉరుకుతాండ్లు. మనోడొక్కడే నిలవడ్డడేంది? ఒళ్లు వంగదా?"

"ఆయన గోల్ కాయాలె అత్తమ్మా. ఆడనే ఉండాలె."

"చేతుల్తోని పట్టుకుంటాండు. మిగిలినోళ్లెవరు పట్టుకుంటలేరు. తప్పు గాదా?"

"ఆయనొక్కడు పట్టొచ్చు."

ఆ మాటతో ఆమె ముఖం వెలిగింది. పక్కనున్న నలుగురికీ "వాడొక్కడు పట్టొచ్చు" అని చెప్పింది.

మొదటి సగంలో ఎవరికీ గోల్ రాలేదు. తర్వాత జట్లు అటూ ఇటూ మారాయి. మా మరిది కాసే గోలు సరిగ్గా మా షామియానా ముందుకొచ్చింది. అక్కడే వచ్చింది చిక్కు. బంతి అవతలి కొసన ఉన్నప్పుడల్లా అత్తమ్మ వాడితో మాట్లాడటం మొదలుపెట్టింది. అంగీ లోపలికి దోపుకోమంది. మోచేతి దగ్గర నెత్తురు తుడుచుకోమంది. వాడు వెనక్కి తిరగకుండా "అమ్మా, జర ఊకో," అన్నాడు. "పొద్దున సగం అన్నం ఇడిసిపెట్టి పోయినవు. గందుకే ఉరుకుతలేవు," అందామె. యాభై మంది ఆడవాళ్లు ఒక్కసారిగా నవ్వారు. వాడు సిగ్గుపడి తల తిప్పాడు. ఆ తిప్పిన క్షణంలోనే దూరం నుంచి కొట్టిన బంతి వాడి పక్కనుంచి దూసుకుపోయి వలలో పడింది.

"ఏమైంది?" అని అడిగింది అత్తమ్మ.

"మన మీద గోల్ పడ్డది."

ఆమె చెంగు నోటికి అడ్డం పెట్టుకుంది. ఆ తర్వాత వాడితో ఒక్క మాట మాట్లాడలేదు. కానీ వాళ్ల ఆటగాడు బంతి తీసుకుని ఇటు వచ్చినప్పుడల్లా యాభై మందిమీ కలిసి అరిచాం. కూరగాయలు అమ్మే ఆడవాళ్ల గొంతులకు బజారంతా పలికే అలవాటు. ఆ కేకలకు ఒకతను బంతి వదిలేసి మావైపు చూశాడు. నేనూ అరిచాను. పుట్టింట్లో పిట్టలను తోలడానికి చేలో అరిచిన తర్వాత, మళ్లీ గొంతెత్తి అరవడం అదే. అరుస్తుంటే ఒళ్లు తేలికైంది.

ఇక కొద్ది నిమిషాలే మిగిలాయనగా, అవతలి కొసన మావాళ్లు మూల నుంచి కొట్టిన బంతిని ఒక పొడుగాటి పిల్లవాడు తలతో వలలోకి నెట్టాడు. అది మన గోలే అని అత్తమ్మకు చెప్పే ఓపిక లేక ఆమెను గట్టిగా వాటేసుకున్నాను. అత్తను కోడలు నలుగురిలో వాటేసుకోవడం మా ఇళ్లలో లేదు. ఆమె కూడా నన్ను వదల్లేదు.

ఆఖర్లో వాళ్లవాడొకడు ఒంటరిగా బంతితో వచ్చాడు. మరిది ఎదురుగా ఉరికి వాడి కాళ్ల మీద పడ్డాడు. దుమ్ము లేచింది. దుమ్ము తగ్గాక చూస్తే బంతి మావాడి కడుపు కింద ఉంది. అత్తమ్మ లేచి నిలబడింది కానీ మాట పైకి రానివ్వలేదు.

సమమైంది. వెలుతురు తగ్గిపోతుండటంతో ఇద్దరూ గెలిచినట్టేనని చెప్పారు. కప్పు ఆరు నెలలు వాళ్లకు, ఆరు నెలలు మనకు. బొమ్మా బొరుసూ వేస్తే ముందు వాళ్లకు పోయింది. ఎవరికీ బాధ అనిపించలేదు.

డ్రిల్లు సారు మా షామియానా దగ్గరికి వచ్చి, మమ్మల్ని ఇంటికి తీసుకుపోను వచ్చిన మామయ్య చేతులు పట్టుకున్నారు. "గ్రౌండు గింతగనం నిండంగ నేనెన్నడు చూడలే. నువ్వు టీవీ బంద్ పెట్టవట్టి."

మామయ్య ఇక ఆగలేకపోయారు. "సారూ, నిజం చెప్త. గీ ఆట టీవీల వచ్చేదే గాదు. నేను పెట్టినా రాకపోవు."

సారు ఆయన భుజం తట్టారు. "అన్నా, నువ్వు పేరు కోరుకోవని నాకెర్కే," అని వెళ్లిపోయారు.

తర్వాత చాలా రోజులు దుకాణానికి వచ్చిన ప్రతివాళ్లకూ మామయ్య నల్లా, టాంకి, బిందె కథ చెప్పి చూశారు. ఊరి కోసం టీవీ ఆపిన మనిషి అంత వినయంగా ఉండటం వాళ్లకు ఇంకా నచ్చింది. ఎవరూ నమ్మలేదు.

ఫైనల్ జరిగిన సాయంత్రం ఇంట్లో అత్తమ్మ మరిదికి పసుపు అద్దుతూ కూర్చుంది. వాడే కదిపాడు.

"నువ్వు మాట్లాడకపోతే మనం గెలుస్తుంటిమి గదనే అమ్మా."

"టీవీల కనవడ్డా మాట్లాడుదును బిడ్డా," అందామె. "గప్పుడైతే నీకు ఇనవడకపోవు."

వాడు నవ్వుతూ ఆమె ఒళ్లో తల పెట్టాడు. నాకు నవ్వుదామంటే గొంతు రాలేదు. అరిచి అరిచి పోయింది. రెండు రోజులు సైగలతోనే వంటిల్లు నడిపాను. మరుసటి ఏడు నుంచి టోర్నమెంటు అనగానే సారు అడక్కుండానే మాకు షామియానా వేయించేవారు, గోలుకు కాస్త దూరంగా, గ్రౌండు నడిమి గీతకు ఎదురుగా. వరుసగా ఆరేళ్లు పోయాం. నా బిడ్డను మొదటిసారి జనంలోకి తీసుకుపోయింది కూడా అక్కడికే.