లింబాద్రి బండి మూత

దుబాయ్‌లో, అల్ ఖూజ్‌లోని మా గ్యారేజీకి వచ్చే డ్రైవర్లలో నాకు చిరాకు పుట్టించని మనిషి ఒక్క లింబాద్రే. మిగతావాళ్ళు బండి ఆపీ ఆపకముందే రోగం పేరు కూడా వాళ్ళే చెప్పేస్తారు. "పంపు పోయింది భాయ్, పంపు మార్చు" అంటారు. అన్నీ నీకే తెలిస్తే నా దగ్గరికెందుకు వచ్చినట్టు? లింబాద్రి అలా కాదు. బండి ఎక్కడ మొరాయించిందో, అప్పుడు ఎంత ఎండ ఉందో, ఏసీ వేసి ఉందో లేదో ఉన్నదున్నట్టు చెప్పి నోరు మూసుకుంటాడు. ఆ తర్వాత ఆసుపత్రికి పిల్లను తీసుకొచ్చిన తండ్రిలా నా మొహంలోకే చూస్తూ నిలబడతాడు.

నా పేరు జిలానీ బాషా. మాది నెల్లూరు జిల్లా ఉదయగిరి. లింబాద్రిది జగిత్యాల దగ్గర పల్లె. ఊళ్ళో ఉంటే మేమిద్దరం ఈ జన్మకు ఎదురుపడే వాళ్ళం కాదు. మమ్మల్ని కలిపింది కరోనా. నాకు అది అంటుకుని గదిలో ఒంటరిగా పడి ఉన్నప్పుడు అతను కూలీల క్యాంపులకు అన్నం పొట్లాలు పంచే బండి నడిపేవాడు. మా మెట్ల మీద ఒక పొట్లం పెట్టి, తలుపు కొట్టి, కిందికి దిగిపోయి, అక్కడినుంచి "తిన్నవా భాయ్?" అని అరిచేవాడు. తిన్నానని నేను దగ్గుకుంటూ అరిస్తేనే బండి కదిలేది. అప్పటికి నేనెవరో అతనికి తెలియదు, అతనెవరో నాకు తెలియదు. నాతో ఒకే గదిలో ఉన్నవాళ్ళే భయపడి పక్కకు తప్పుకున్న రోజులవి. ఆ తలుపు చప్పుడు నేను బతికున్నన్నాళ్ళూ మర్చిపోను. అందుకే లింబాద్రి బండి మా గేటులోకి వచ్చిందంటే, జాకీ మీద ఎవరి బండి ఉన్నా సరే, నా కాళ్ళు ముందు అటే పోతాయి. మా ముదీర్, అంటే మేనేజరు, గొణుగుతాడు. గొణగనీ.

లింబాద్రి దుబాయ్ వచ్చింది డ్రైవరు పనికి కాదు. సెంట్రింగ్ పనికి. కట్టే బిల్డింగు మీదినుంచి పడి నడుముకు ఆపరేషన్ అయ్యాక, బరువులు ఎత్తొద్దని డాక్టర్లు గట్టిగా చెప్పారు. ఊరికి పోతే చేసే పని లేదు. భార్య ప్రేమ బీడీలు చుడుతుంది, అది ఒక్క మనిషి చాయ్ ఖర్చుకే సరిపోతుంది. నడుముకు పట్టీ కట్టుకునే డ్రైవింగ్ నేర్చుకున్నాడు. ఇక్కడ లైసెన్సు రావడమంటే మాటలు కాదు. పరీక్ష ఎన్నిసార్లు తప్పాడంటే, పరీక్ష పెట్టే ఆఫీసరు దూరంనుంచి చూసి నవ్వడం మొదలుపెట్టాడట. చివరికి పాసయిన రోజు ఆ ఆఫీసరే ముందుగా షేక్‌హ్యాండ్ ఇచ్చాడని ఇప్పటికీ చెప్పుకుని మురిసిపోతాడు.

ఇప్పుడు ఒక క్లీనింగ్ కంపెనీలో వ్యాను నడుపుతాడు. దుబాయ్ ఇన్వెస్ట్‌మెంట్స్ పార్క్‌లోని క్యాంపు నుంచి ఆడవాళ్ళను పొద్దున్నే ఎక్కించుకుని అల్ సఫా వైపు విల్లాల దగ్గర దింపుతాడు. సాయంత్రం మళ్ళీ ఎక్కించుకొస్తాడు. పాత వ్యానే, కానీ లోపల వంటగది కడిగినట్టు ఉంచుతాడు. కాళ్ళు పెట్టేచోట గోనెపట్టా వేసి, దాన్ని రోజూ దులిపి మళ్ళీ వేస్తాడు.

పోయిన ఏడాది జూలైలో ఒక సాయంత్రం ఆ వ్యాను ఆవిరి కక్కుతూ మా గేటులోకి వచ్చింది. లోపల పనినుంచి తిరిగొస్తున్న ఆడవాళ్ళున్నారు. లింబాద్రి మొహంలో నెత్తురు చుక్క లేదు.

"భాయ్, మల్ల గరమైంది. వేడి జూపెట్టే ముల్లు మొత్తం మీదికే పోయింది. ఏసీ బంద్ జేసి, కిటికీలు దీసుకొని మెల్లగ దెచ్చిన."

వారం రోజులుగా ఇదే గొడవట. కంపెనీ వాళ్ళు వేరే గ్యారేజీలో చూపిస్తే, ఇంజను హెడ్ పోయింది, బాగు చేయించడం దండగ అని చెప్పారట. ట్రాన్స్‌పోర్టు చూసే మురళీ ఆ మాట పట్టుకుని, ఈ వ్యాను తీసేసి ఆడవాళ్ళను పెద్ద బస్సుకు మార్చేద్దామంటున్నాడు. లింబాద్రికి గోడౌన్‌లో పని ఇస్తారట, పెట్టెలు ఎత్తే పని.

"ఎత్తలేనంటే వీసా క్యాన్సల్. ఎత్తితే నడుము క్యాన్సల్," అని నవ్వబోయాడు కానీ నవ్వు రాలేదు. "ఒక్కపారి నువ్వు జూడు భాయ్. నువ్వు గూడ పోయిందంటే ఇంక ఎవ్వల్ని అడగ."

నాకు ఒళ్ళు మండింది. అతని మీద కాదు, ఆ హెడ్ మాట మీద. బండి వేడెక్కితే చాలు, హెడ్ పోయిందనేస్తారు. ఆడవాళ్ళను నీడలో కూర్చోబెట్టి ఇంజను చల్లారేదాకా ఆగాం. వేడి మీద, ఇంజనును చల్లబరిచే కూలెంట్ డబ్బా మూత తీస్తే మరిగే నీళ్ళు ఎగిరి మొహం మీద పడతాయి. అలా కాల్చుకున్నవాళ్ళను నేను చూశాను. చల్లారాక ఆయిల్ పుల్ల తీసి చూశాను. హెడ్ పోతే నీళ్ళు కలిసి ఆయిల్ పాల చాయ్‌లా మారాలి. ఇది శుభ్రంగా ఉంది. కూలెంట్ పోసే డబ్బా మూతి దగ్గర మాత్రం ఎండిపోయిన తెల్లటి చారలు ఉన్నాయి. లోపల ముదురు గులాబీ రంగులో ఉండాల్సిన కూలెంట్ పాలిపోయి నీళ్ళ రంగుకొచ్చింది.

"నీళ్ళు పోశావా?" అన్నాను.

"లేదు భాయ్, నువ్విచ్చిన కూలెంటే పోసిన."

సరేనని మూత పక్కన పెట్టి, డబ్బా మూతికి చేతిపంపు తగిలించి గాలి ఎక్కించాను. లోపల ఎక్కడ చిల్లున్నా పంపు ముల్లు దిగిపోవాలి. మా ముదీర్‌కు ఫోన్ రావడం, ఆయన మాట్లాడడం, పెట్టేయడం కూడా అయింది, ముల్లు కదల్లేదు. పైపులు బాగున్నాయి, రేడియేటర్ బాగుంది, హెడ్ రాయిలా ఉంది. ఇక మిగిలింది నేను తీసి పక్కన పెట్టిన మూతే. మూత తీసి పరీక్ష చేస్తే మూతలోని దోషం ఎలా తెలుస్తుంది? మొదట చూసినవాళ్ళు ఇక్కడే పొరబడి ఉంటారు.

ఆ మూత ఊరికే దుమ్ము పడకుండా పెట్టింది కాదు. కుక్కర్‌కు విజిల్ ఎలాగో దీనికి మూత అలాగ. లోపలి ఒత్తిడిని పట్టి ఉంచితేనే నీళ్ళు అంత వేడికీ మరగకుండా ఉంటాయి. మరీ ఎక్కువైతే కొంచెం వదలాలి. మూతను తిప్పి దీపం కింద పెట్టి చూశాను. రబ్బరు అరిగిపోయింది, అది వయసు. కానీ ఆ రబ్బరుకూ స్ప్రింగుకూ మధ్య ముడుచుకుపోయి, కరిగి అతుక్కున్న ప్లాస్టిక్ కవరు ముక్క ఉంది. సన్నటి పట్టకారుతో లాగితే దాని కింద ఇంకొకటి వచ్చింది. రెండూ గుండ్రంగా, కత్తెరతో శ్రద్ధగా కత్తిరించినవి. ఆ ముక్కలు అడ్డుపడి మూత పూర్తిగా మూసుకోక, ఆవిరి దర్జాగా బయటికి పోతోంది.

"ఏందయ్యా ఇది? బుద్ధుందా నీకు? కూలెంట్ డబ్బాకి కవరు చుడతారా ఎవురైనా?" అని అరిచేశాను.

"నేను పెట్టలే భాయ్, నా బిడ్డ మీద ఒట్టు," అన్నాడు లింబాద్రి. అతను అబద్ధం చెప్పడని నాకు తెలుసు. ఇద్దరం ఆ ముక్కల వంక చూస్తూ నిలబడ్డాం.

నీడలోంచి ఒకామె లేచి వచ్చింది. పేరు సైదున్నీసా, రాయచోటి మనిషి. ఆమె వెనకే లింగవ్వ అని ఆర్మూరు వైపు పెద్దామె.

"అన్నా, తిట్టేదుంటే మమ్మల్ని తిట్టు. ఆయప్పకి ఏం తెల్దు," అంది సైదున్నీసా. "మూత కాడ నీళ్ళు కారతాంటే సూసినాం. ఊర్నించి తెచ్చుకునే ఊరగాయ సీసాకి నూనె కారకుండా కవరు పెట్టి మూత బిగిస్తాం గదా. అట్లే పెట్నాం."

ఆ ముక్కను వేళ్ళ మధ్య తిప్పి చూశాను. ఇంతసేపూ ఎక్కడ చూశానా అనుకుంటున్న ముక్క అదే. మా అమ్మ పంపే మామిడికాయ సీసా మూత కింద ఉండే ముక్క. విమానం ఎక్కిన ప్రతి తెలుగువాడి పెట్టెలోనూ ఉండే ముక్క. ఊరగాయకు అంతకన్నా మంచి ఉపాయం లేదు. ఇంజనుకు అంతకన్నా చెడ్డ ఉపాయం లేదు.

"నీళ్ళు గూడ మేమే పోసినం తమ్మీ," అంది లింగవ్వ. "పొద్దుగాల ఈయన విల్లాల చాబీలకు ఆఫీసులకు పోంగనే, ముందటి డొప్ప లేపి పోస్తుంటిమి. ఖరాబు నీళ్ళు గాదు, మేం తాగే సీసాలల్ల మంచినీళ్ళే."

లింబాద్రి ఆమెనే చూస్తున్నాడు. "నాకెందుకు చెప్పలే అక్కా?"

"చెప్తే పొయ్యనిస్తువా?"

ఎందుకు చేశారో సైదున్నీసా చెప్పింది. మురళీ ఫోన్లో అన్న మాటలు వ్యానులో అందరికీ వినపడ్డాయట. ఈ బండి పోతే లింబాద్రి పోతాడు, లింబాద్రి పోతే పెట్రోలు బంకు దగ్గర బండి ఆపేవాడు ఉండడు. క్యాంపులో ఫోన్‌కు ఇంటర్నెట్ అందదు. విల్లాల్లో అడుగు పెట్టగానే ఇంటివాళ్ళు ఫోన్లు తీసుకుని పెట్టేస్తారు. రాత్రి వీళ్ళు క్యాంపు చేరేసరికి ఊళ్ళో పిల్లలు నిద్రపోతారు. దారిలో ఒక బంకు పక్కన కొట్టువాళ్ళ వైఫై అందుతుంది. మనకు తెల్లారే ఆ వేళకు అక్కడ పిల్లలు బడికి తయారవుతుంటారు. రోజూ అక్కడికి రాగానే లింబాద్రి "టైర్లల్ల గాలి జూసుకోవాలె" అని బండి ఆపి దిగిపోతాడు. వెనక్కి తిరిగి చూడడు. ఆడవాళ్ళు ఫోన్లో పిల్లల మొహాలు చూసుకుని, కళ్ళు తుడుచుకున్నాకే ఎక్కుతాడు. దారిలో ఆపకూడదని కంపెనీ రూలు. పిల్లలతో మాట్లాడుకోండని అతను ఒక్కరోజూ అనలేదు. మీరు మా కోసమే ఆపుతున్నారని వాళ్ళూ అనలేదు.

"మా సిన్నోడు నన్ను గుర్తుపడతాండాడంటే అది ఈ అన్న పుణ్యమే," అంది సైదున్నీసా.

లింబాద్రి తువ్వాలుతో మొహం తుడుచుకుని, అటు తిరిగి, "నేనేం జేసిన్నని వీళ్ళు గింత జేసిండ్రు భాయ్. తాగే నీళ్ళు పోసిండ్రు," అన్నాడు. ఇంజన్ల దగ్గర నాకు మాటలు బాగా వస్తాయి కానీ ఇలాంటి చోట్ల రావు. స్పేర్‌పార్టుల కొట్టుకు నడిచాను.

మూత మీద ఒక అంకె ఉంటుంది, ఎంత ఒత్తిడి దగ్గర తెరుచుకోవాలో చెప్పేది. మరలు పట్టినంత మాత్రాన ఏ మూత పడితే అది పెట్టకూడదు. పాత మూత మీది అంకె ఉన్నదే అడిగి తెచ్చాను. పాలిపోయిన నీళ్ళన్నీ దింపి, కొత్త కూలెంట్ గీత వరకు పోసి, మూత టక్కుమనేదాకా బిగించాను. ఏసీ వేసి ఇంజను నడిపితే ఫ్యాను సమయానికి తిరిగింది, ముల్లు మధ్యలో నిలబడింది. "ఇంక దీంట్లో ఊరగాయ పెట్టబాకండమ్మా" అన్నాను. ఆ సాయంత్రం అందరూ మొదటిసారి నవ్వారు.

నేనే మురళీకి ఫోన్ చేశాను. వైజాగ్ మనిషి, మర్యాదస్తుడు.

"జిలానీ గారూ, మీరు బాగుందంటే నేను నమ్ముతానండి. కానీ పైవాళ్ళకి నేను చెప్పుకోవాలి కదా. రేపు పొద్దున్న నేనే ఎక్కుతాను, మీరూ రండి. దారిలో ముల్లు లేచిందంటే మాత్రం ఖలాస్, ఇంక నన్నేమీ అనొద్దు."

మర్నాడు మురళీ ముందు సీట్లో కూర్చుని కళ్ళు ముల్లుకు అప్పగించాడు. నేను అతని వెనక కూర్చున్నాను. ఆడవాళ్ళు బొమ్మల్లా ఉన్నారు, ఒళ్ళో ఫోన్లు. పెట్రోలు బంకు కనిపించింది. లింబాద్రి ఒక్క క్షణం అద్దంలోకి చూశాడు. పక్కన మురళీ ఉండగా ఎలా ఆపుతాడు? బండి వేగం తగ్గించలేదు. సైదున్నీసా ఫోన్ బోర్లించడం నాకు కనిపించింది.

"ఆపు లింబాద్రీ. బంకులోకి తిప్పు," అన్నాను.

"ఎందుకండీ? బాగానే వెళ్తోంది కదా," అన్నాడు మురళీ.

"పరిగెత్తే బండికి గాలి తగిలి ఇంజను చల్లగానే ఉంటుంది సార్. ఏసీ ఫుల్లుగా పెట్టి నిలబెడితేనే అసలు పరీక్ష." అది అబద్ధం కాదు, అక్షరాలా నిజం. ఏ మెకానిక్కునైనా అడగండి.

బండి ఆగింది. లింబాద్రి అలవాటుగా దిగి టైరు దగ్గర కూర్చున్నాడు. మురళీ ముల్లుమీంచి కన్ను తీయలేదు. వెనక సీట్లలో గొంతులు మెల్లగా లేచాయి. ఎవరిదో పిల్ల పద్యం అప్పజెబుతోంది. ఒక పిల్లాడు "అమ్మీ, నా బెల్టు సూడు, కొత్తది" అంటున్నాడు. ఫ్యాను తిరిగింది, ఆగింది, మళ్ళీ తిరిగింది. ముల్లు మధ్యలోనే ఉంది. మురళీ ముందుకే చూస్తున్నాడు కానీ అతని చెవులు వెనకే ఉన్నాయని నాకు తెలిసిపోయింది. పిల్లాడు బడికి పోయాక మురళీ గొంతు సవరించుకున్నాడు.

"ఇలా నిలబెట్టి చూడడం బండికి మంచిదేనాండీ?"

"చాలా మంచిది సార్."

అతను కిటికీ దించి బయటికి తల పెట్టాడు. "లింబాద్రీ, బండి ఉంటుంది, నువ్వూ ఉంటావు. రోజూ ఇక్కడే ఆపి, ఇలాగే చూసుకుని వెళ్ళు. ఎవరైనా అడిగితే మురళీ సార్ చెప్పారని చెప్పు."

"అచ్ఛా సార్" అన్న మాట వినపడింది కానీ మనిషి లేవలేదు. నేను దిగి వెళ్ళాను. తువ్వాలు మొహానికి అడ్డం పెట్టుకుని టైరును పట్టుకుని కూర్చున్నాడు. పక్కనే నేనూ కూర్చున్నాను. వెనక సీట్లో ఇంకా ఎవరో మాట్లాడుతున్నారు. టైర్లలో గాలి సరిగ్గానే ఉంది. అయినా ఇద్దరం ఇంకోసారి చూశాం.