నాలుగో లైనులో అడుగులు

మా పెదనాన్న పోయాడు. బోటాటౌంగ్‌లో, పాత రేవుకి రెండు వీధుల ఇవతల, తాను పుట్టిన కింది వాటాలోనే, తెల్లారి టీ తాగి, గ్లాసు కింద పెట్టి, గోడకి చేరగిలబడి పోయాడు. పక్క వాటాలో ఉన్న నేను వెళ్ళేసరికి గ్లాసు ఇంకా వెచ్చగానే ఉంది. ఆయన్ని మీరు ఎరిగి ఉండరు. కానీ ఈ ఊళ్ళో ఆగ్నేయాసియా దేశాల ఆటల పోటీలు జరిగినప్పటి ఫొటోలు ఎక్కడైనా చూసి ఉంటే, పరిగెత్తేవాళ్ళ కాళ్ళ కింద తెల్లటి గీతలు కనిపించే ఉంటాయి. ఆ గీతలు గీసినవాళ్ళలో ఆయనొకడు.

యాంగోన్‌ని మా బర్మా తెలుగువాళ్ళు ఇప్పటికీ రంగం అనే అంటారు. రంగంలో ఆ ఆటలు రెండుసార్లు జరిగాయి. మొదటిసారి పెదనాన్న సున్నం బస్తాలు మోశాడు, రెండోసారి గీత ఆయన చేతికొచ్చింది. ఆ ఏడే ఆయనకి కొడుకు పుట్టాడు. దేశం అప్పటికే ఒక్కో తలుపూ మూసుకుంటోంది. తర్వాత ఆటలు కౌలాలంపూర్ వెళ్ళాయి, సింగపూర్ వెళ్ళాయి, జకార్తా, మనీలా కూడా వెళ్ళాయి గానీ మళ్ళీ మా గుమ్మం తొక్కలేదు. మేనకోడళ్ళు కాపరానికి వెళ్ళిన ఊళ్ళు చెప్పినట్టు ఆ పేర్లన్నీ వరసగా చెప్పేవాడు. ఒకసారి నామ్ పెన్ వంతు వచ్చిన ఏడు ఆటలు అసలు జరగనే లేదట. దానికి మాత్రం జాలిపడేవాడు. పాపం, అక్కడ సున్నం కొట్టేవోడు ఏటైపోనాడో అనేవాడు.

ఆటలు రాకపోయినా స్టేడియంలో ఆయన ఉద్యోగం పోలేదు. లమ్మడా పేటలోని టోకు కొట్ల నుంచి సున్నం తెప్పించి, జల్లించి, అడుగున చిల్లులు పెట్టిన డబ్బాలో పోసి, పురికోస వెంబడి వెనక్కి నడుస్తూ గీసేవాడు. స్టేడియంలో ట్రాకు అప్పట్లో నల్లటి బొగ్గుపొడి. "గీత గీసేవోడు ఎనక్కే నడవాల. ముందుకి నడిస్తే నీ గీత నువ్వే తొక్కీసుకుంటావు," అనేవాడు. ఈ మాట నేను చాలా సంగతులకి వాడుకున్నాను, ఆయనకి చెప్పకుండా.

తమ్ముడు, అంటే పెదనాన్న కొడుకు, పొద్దున్నే చెప్పుల్లేకుండా నాలుగో లైనులో పరిగెత్తేవాడు. తండ్రి అప్పుడే పోసిన గీతని తొక్కి తిట్లు తినడం రోజూ ఉండేదే. తిడుతూనే పెదనాన్న వంగి ఆ అడుగుల్ని చదివేవాడు. పరిగెత్తేవాడి మడమ నేలకి ఆనదట, మునివేళ్ళే పడతాయట. "మడం పడిందంటే ఆడు నడుస్తున్నాడన్నమాట," అనేవాడు. నాకూ నేర్పాడు. ఇప్పటికీ వాన వెలిసిన వీధిలో నడుస్తుంటే నా చూపు జనం మొహాల మీద కాదు, వాళ్ళ పాదముద్రల మీదే ఉంటుంది.

డబ్బాలో మిగిలిన సున్నంతోనే పెద్దమ్మ గుమ్మంలో ముగ్గు వేసేది. మాలో ముగ్గు లేని వాకిలంటే ఒక్కటే అర్థం, ఆ ఇంట్లో ఎవరో పోయారని. తెలుగు నోరు తిరగని మా పిల్లలకి కూడా ఆ ఒక్కటీ తెలుసు.

ఎనభై ఎనిమిదిలో సైన్యం పాలన వద్దని ఊరంతా రోడ్డెక్కింది. తమ్ముడు కాలేజీ పిల్లలతో వెళ్ళి మూడు రోజులు ఇంటికి రాలేదు. నాలుగో రోజు చీకటితోనే పెదనాన్న స్టేడియం కొట్టుగదికి తాళం వేసి వస్తానని బయల్దేరుతూ, ఈవేళ తలుపు తియ్యొద్దని పెద్దమ్మకి గట్టిగా చెప్పాడు. తెల్లారాక కాల్పులు వినపడ్డాయి. పెద్దమ్మ తలుపు తియ్యలేదు. తియ్యలేదు కాబట్టి ముగ్గూ వెయ్యలేదు.

ఎదురింటి మేడ మీద ఉండే బర్మా ఆవిడ మాకు తర్వాత చెప్పింది. తమ్ముడు సందు మొదటి నుంచి పరిగెత్తుకొచ్చాడట. గుమ్మానికి పది అడుగుల దూరంలో ఆగి, బోడి వాకిలి చూసి, తల మీద చేతులు పెట్టుకున్నాడట. తలుపు కొట్టలేదు. వచ్చిన దారినే స్టేడియం వైపు పరిగెత్తాడట. తండ్రి అక్కడే పోయాడనుకుని ఉంటాడు. పెదనాన్న ఇంకో దారిన గంటకల్లా ఇంటికొచ్చాడు. తమ్ముడు మళ్ళీ కనిపించలేదు.

ఆసుపత్రులు తిరిగాం. ఇన్సేన్ జైలు గేటు ముందు అన్నం మూట పట్టుకుని పెదనాన్న ఎన్ని రోజులు నిలబడ్డాడో నాకు లెక్క లేదు. ఏ జాబితాలోనూ పేరు లేదు. కొన్నేళ్ళకి పెద్దలు, దర్భలతో బొమ్మ చేసి దహనం చేసెయ్యమని, లేకపోతే వాడికి దారి దొరకదని చెప్పారు. పెదనాన్న ఒప్పుకోలేదు. "ఆడు మనం సచ్చిపోనామనుకుని ఎల్లినాడు. మనం కూడా ఆడు సచ్చిపోనాడనుకుంటే ఇంక ఎవులు మిగిల్నారు?"

నేను లెక్కలు చెప్పి రిటైరైన టీచర్ని. దయ్యాలతో నాకు పనిలేదు. అయినా చూసింది చెప్పాలి. ఊరు సద్దుమణిగాక ఒక పొద్దున్న అన్నం క్యారియర్ ఇవ్వడానికి స్టేడియానికి వెళ్తే, పెదనాన్న నాలుగో లైను పక్కన గొంతుక్కూర్చుని ఉన్నాడు. ముందురోజు పోసిన గీత అక్కడక్కడ చెదిరి, నల్లటి నేల మీద తెల్లటి అడుగులు పడి ఉన్నాయి. మునివేళ్ళే, ఒక్కదానికీ మడమ లేదు. ట్రాకు చుట్టూ తిరిగి, కొట్టుగది ముందు దాకా వెళ్ళి, అక్కణ్ణుంచి గేటు వైపు సన్నగిల్లిపోయాయి. ఎవడో గోడ దూకి ఉంటాడన్నాను. పెదనాన్న మొలకి కట్టుకున్న తాళంచెవి తడుముకుని, "నాకోసం ఎతుకుతున్నాడమ్మీ," అన్నాడు. క్యారియర్ అక్కడే పెట్టేసి వచ్చేశాను. రిటైరయ్యేదాకా ఏడాదికి రెండు మూడుసార్లు ఆ అడుగులు పడుతూనే ఉన్నాయని చెప్పేవాడు. మళ్ళీ వెళ్ళి చూసే ధైర్యం నాకు లేకపోయింది. అది ఇప్పటికీ నాకు సిగ్గుగానే ఉంది.

చాలా ఏళ్ళకి ఆటలు మళ్ళీ ఈ దేశానికి వచ్చాయి, కొత్త రాజధానికి. టీవీలో ఎర్రటి రబ్బరు ట్రాకు, రంగు వేసిన గీతలు చూపించారు. సంతోషిస్తాడనుకున్నాను. కాసేపు చూసి, దీని మీద ఎవుల అడుగూ నిలవదని టీవీ కట్టేయించాడు.

పెద్దమ్మ బతికున్నన్నాళ్ళూ ఒక్క పొద్దూ ముగ్గు మానలేదు. ఆవిడ పోయినప్పుడు మైల కాబట్టి వాకిలి బోడిగానే ఉంచాలి. ఆ పది రోజులూ పెదనాన్న రాత్రింబవళ్ళు గడప మీదే కూర్చున్నాడు. కొడుకు వస్తే తండ్రి బతికే ఉన్నట్టు కనపడాలని. ఆ పదకొండో రోజు నుంచీ ముగ్గు నా వంతయింది. మొన్న చలికాలంలో నన్ను పిలిచి, "నేను పోయినప్పుడు కూకోడానికి ఎవులూ లేరు. వాకిలి బోడిగా ఒగ్గీయకు," అన్నాడు. సరేనన్నాను. ఎలాగో మాత్రం తెలియలేదు.

దహనం అయ్యాక మర్నాడు పొద్దున్నే నేను సున్నం డబ్బా తీస్తుంటే మా మేనత్త చెయ్యి పట్టుకుంది. మైల ఇంట ముగ్గేమిటి, నీకు మతి పోయిందా అంది. ఆవిడ తప్పేమీ లేదు. నేను డబ్బా కింద పెట్టి, పెదనాన్న పురికోస వెతికి తెచ్చి, గడప నుంచి సందు మొదటి దాకా లాగి, వెనక్కి నడుస్తూ రెండు గీతలు గీశాను. మధ్యలో ఒక మనిషి పరిగెత్తేంత వెడల్పు.

"ముగ్గు కాదత్తా, లైను," అన్నాను.

రోజూ పొద్దున్నే చెరిగినచోట మళ్ళీ పోశాను. వచ్చేపోయే జనం గీతల పక్కనుంచి నడిచారు. ఎవరూ చెప్పకుండానే.

తొమ్మిదో పొద్దున్న తలుపు తీస్తే సందు మొదటి దగ్గర గీత చెదిరి ఉంది. లైను మధ్యలో తెల్లటి అడుగులు, చెప్పుల్లేని పాదాలు, ఇంటి వైపు తిరిగి. దూరంగా ఉన్నవాటికి మునివేళ్ళే ఉన్నాయి. నేను డబ్బా కింద పెట్టి, గొంతుక్కూర్చుని, ఒక్కొక్కటీ చూసుకుంటూ వచ్చాను. గడప ముందు ఆఖరి రెండూ పక్కపక్కనే ఉన్నాయి. వాటికి మడమ పడింది.